పచ్చని చెట్టు, లోపలి జబ్బు

2024 ఆగస్టు నెలలో కొవ్వూరు మండలము కుమారదేవము గ్రామములో గోదావరి గట్టున ఉన్న ఒక నిద్రగన్నేరు చెట్టు కూలిపోయినది. దాని వయస్సు నూట యాభై ఏండ్లని చెప్పుకొనేవారు. ఎన్నో తెలుగు సినిమాలలో సన్నివేశములను దాని నీడన తీసినందున దానికి ‘సినిమా చెట్టు’ అని పేరు వచ్చినది. అది కూలిన వార్త విని దూరప్రాంతముల నుండి కూడ జనము వచ్చి చూచి పోయినారు. మనిషి పోయినప్పుడు పలకరింపుకు వచ్చినట్లే వచ్చినారు.

పెద్ద చెట్టు పడిన ప్రతి చోటా వినిపించే మాట ఒకటి ఉన్నది: “నిన్నటిదాకా పచ్చగానే ఉన్నదే!” ఆ మాటలో అబద్ధము లేదు. కాని పచ్చదనము వేరు, ఆరోగ్యము వేరు. గోదావరి డెల్టాలో మన కండ్ల ఎదుట ఉండే కొబ్బరి, తాడి, మామిడి, వేప, చింత, కానుగ, నిద్రగన్నేరు ఇంచుమించు ఏడాది పొడుగునా ఆకు నిలుపుకొనే చెట్లే. ఇటువంటి చెట్టుకు జబ్బు చేసినదని తెలుసుకొనుట కొంచెము కష్టము. ఎందువలన కష్టమో ముందు చూచి, తరువాత ఎట్లు తెలుసుకొనవలెనో చూతము.

టేకు, బూరుగు వంటివి ఏటేటా ఆకంతా రాల్చి మరల చిగురిస్తవి. ఆ చెట్లకు ప్రతి సంవత్సరము ఒక పరీక్ష జరిగినట్లే. చిగురు పలుచగా వచ్చినా, ఒక కొమ్మ చిగురించకపోయినా దారిన పోయేవాడికి సైతము తెలిసిపోతుంది. సతతహరిత వృక్షమునకు అట్టి పరీక్ష లేదు. సతతహరితమనగా ఆకు రాలని చెట్టని అర్థము కాదు. పాత ఆకు రాలుచుండగానే కొత్త ఆకు వచ్చుచుండును, అంతే. మామిడి ఆకు ఒక ఏడాదికి పైగా కొమ్మను అంటి ఉంటుంది. కొబ్బరి మట్ట రెండున్నర, మూడేండ్లు తలలో నిలుస్తుంది. అందుచేత చెట్టు ఈ సంవత్సరము జబ్బుపడినా, నిరుడు, అంతకు ముందటేడు వచ్చిన ఆకులు దానిని పచ్చగా చూపుతూనే ఉంటవి. రాబడి నిలిచిపోయిన ఇంట పాత నిల్వలతో కొంతకాలము సంసారము సాగినట్లు లోటు పైకి కనబడదు. కనబడే నాటికి చాల అయిపోయి ఉంటుంది.

రెండవ కారణము కాండములో ఉన్నది. మామిడి, వేప, నిద్రగన్నేరు వంటి చెట్లలో బెరడు కింద పలుచని పోషక కణజాలము ఉంటుంది. ఆకులు వండిన ఆహారము దీని గుండా వేళ్ళకు దిగుతుంది. దాని లోపల కాగితమంత మందమున విభాజ్య కణావళి అనే పొర ఉంటుంది. చెట్టు లావెక్కుట దీని పనియే. దానికి లోపల నీటిని పైకి తీసికొనిపోయే తెల్లచెక్క, నడుమ చేవ. మనము చేవను చెట్టుకు బలమని ఎంత మెచ్చుకొన్నా, అందులో ప్రాణము లేదు. అది చచ్చిన కణములతో కట్టిన స్తంభము. కనుక పాత గాయము గుండా శిలీంధ్రము ప్రవేశించి చేవనంతా తినివేసినా, చుట్టూ ఉన్న తెల్లచెక్క, బెరడు బాగున్నంతవరకు ఆకుకు నీరందుతూనే ఉంటుంది. చెట్టు పూస్తుంది, కాస్తుంది, పక్షులకు గూళ్ళు ఇస్తుంది. ఒకనాటి గాలికి పడిపోతుంది.

కాబట్టి చెట్టును చూచినప్పుడు రెండు ప్రశ్నలను విడివిడిగా వేసుకొనవలెను. ఇది బ్రతుకుతుందా? ఇది నిలబడుతుందా? ఈ రెంటిని కలిపివేయుట వలననే, బ్రతకగల చెట్లను తొందరపడి నరికివేయుట, పడబోయే చెట్టు కింద బడ్డీకొట్టు పెట్టుకొనుట జరుగుచున్నవి.

తొర్ర కనబడగానే చెట్టు పని అయిపోయినదనుకొనుట కూడ సరికాదు. గొట్టము కడ్డీకంటె ఎంతో బలహీనమేమీ కాదని సైకిలు చట్రమును చూచినవారికి తెలుసును. లెక్క కట్టి చూతము. కాండము అడ్డుకొలతలో సగము మేర బోలు అయినచో, వంపును తట్టుకొనే శక్తిలో పోయేది పదహారవ వంతు మాత్రమే. పదింట ఏడు వంతులు బోలు అయినచో సుమారు నాలుగవ వంతు పోతుంది. పదింట తొమ్మిది వంతులైతే మాత్రము మూడింట రెండు వంతులు పోతుంది. అనగా ప్రమాదము మొదట మెల్లగా నడచి, చివర ఒక్కసారి పరుగెత్తుతుంది. ఇదంతా చుట్టూ ఉన్న గోడ పగలకుండా ఉన్నప్పటి లెక్క. గోడలో నిలువు చీలిక ఉన్నచో ఈ లెక్క పనికిరాదు. చీలిన వెదురు ఎట్లు వంగునో అట్లే వంగుతుంది.

ఇక పరీక్ష ఎట్లు చేయవలెను? వైద్యుడు రోగిని చూచినట్లు చెట్టును కింద నుండి చూచుట అలవాటు. నా మట్టుకు నేను ముందు దూరముగా నిలిచి తల చూడుమంటాను. అదే జాతి చెట్టు మరొకటి దగ్గరలో ఉంటే దానితో పోల్చి చూడవలెను. ఒక్క చెట్టునే చూచినచో ‘ఇది దీని స్వభావమేమో’ అని సరిపెట్టుకొంటాము. పోల్చినప్పుడు తేడా తెలుస్తుంది. ఆరోగ్యము గల మామిడి తల గుండా ఆకాశము కనబడదు. చెట్టు క్షీణించుచున్నప్పుడు మొదట తల పలుచబడి, వెలుగు చుక్కలు చుక్కలుగా దిగుతుంది. తరువాత కొనకొమ్మలు ఎండుతవి. నీడలో ఉన్న కింది కొమ్మలు ఎండినచో భయపడనక్కరలేదు. వెలుగు లేని కొమ్మను చెట్టే వదలుకొంటుంది. పైకొమ్మలు, ఎండ తగిలే కొమ్మలు ఎండుట మాత్రము వేళ్ళలో చిక్కు ఉన్నదనుటకు గుర్తు. నీరు పోవలసిన దూరము అక్కడికే ఎక్కువ గనుక కరవు ముందు అక్కడనే తెలుస్తుంది. డెల్టా కాలువలలో చివరి చేలు ముందు ఎండినట్లే అనుకొనుడు.

పిమ్మట ఒక కొమ్మను దగ్గరకు వంచి చూడవలెను. ఈ ఏటి చిగురు ఎంత పొడుగు వచ్చినది, నిరుటిది ఎంత, అంతకు ముందటిది ఎంత? కొమ్మ మీది కణుపుల మచ్చలను బట్టి ఇది చెప్పవచ్చును. ఏటేటా పొడుగు తగ్గుచున్నచో, ఆకు ఎంత పచ్చగా ఉన్నా చెట్టు దిగజారుచున్నదనే అర్థము. కొమ్మ చచ్చినదో బ్రతికినదో తేలనప్పుడు పెన్సిలు లావు రెమ్మ మీద బొటనవ్రేలి గోటితో గీరి చూడవచ్చును. కింద పచ్చగా, తడిగా ఉంటే ప్రాణమున్నది. గోధుమరంగుగా, పొడిగా ఉంటే లేదు. అట్లు గీరుచు వెనుకకు పోయినచో ప్రాణము ఎక్కడ మొదలైనదో తెలుస్తుంది. కత్తిరింపు అక్కడికి చేయవలెను.

ముసలి చెట్టు కాండము మీద, లావు కొమ్మల మీద ఉన్నట్టుండి గుబురుగా చిగుళ్ళు పుట్టుకొని వచ్చుట కలదు. చూచినవారు చెట్టు మరల వయస్సులోకి వచ్చినదని సంతోషిస్తారు. సాధారణముగా దాని అర్థము వేరు. పైతలకు నీరందక, చెట్టు దగ్గరలో కొత్త ఆకును పుట్టించుకొని ప్రాణము నిలుపుకొనుటకు చేసే ప్రయత్నమది. దానిని గౌరవించవలసినదే, కాని శుభవార్తగా తీసికొనరాదు.

కాండము వద్ద చూడవలసినవి: బెరడు పగిలి విడిపోవుట, జిగురు లేక నల్లని రసము కారుట, రంధ్రముల నుండి రంపపు పొట్టు వంటి పొడి రాలుట. చివరిది కాండము తొలుచు పురుగుకు గుర్తు. మామిడి మీద బదనిక పెరుగుట కూడ చూడవలెను. బదనిక ఆకు దూరము నుండి మామిడి ఆకువలెనే కనబడి మోసము చేస్తుంది. చెట్టు పచ్చగా ఉన్నదనుకొంటాము, కాని ఆ పచ్చదనములో సగము దొంగదే! అన్నిటికంటె పెద్ద గుర్తు కాండము మొదట్లో గోడకు కొట్టిన అరవలె అంటుకొని ఉండే గట్టి పుట్టగొడుగు. అది శిలీంధ్రము యొక్క పండు మాత్రమే. మామిడిపండు కనబడినచోట మామిడిచెట్టు ఉన్నట్లే, ఈ పండు వెనుక ఎన్నో ఏండ్లుగా చెక్కను తినుచున్న శిలీంధ్ర తంతువులు ఉంటవి. దానిని గీకి పారవేసినంత మాత్రమున జబ్బు పోదు. గుర్తు మాత్రము పోతుంది. చెక్కసుత్తితో కాండమును చుట్టూ తట్టి చూచి, గట్టిగా పలికిన చోటు, డొల్లగా పలికిన చోటు సుద్దతో గుర్తు పెట్టుకొనుట పాత పద్ధతి. ఇప్పుడు శబ్దతరంగములతో లోపలి చిత్రమును తీసే పరికరములు వచ్చినవి. వాటి మూలసూత్రము కూడ ఈ తట్టుటయే.

చివరగా నేల. వేళ్ళు చెట్టెంత ఎత్తో అంత లోతుకు పోతవని చాలమంది నమ్ముతారు. నిజానికి ఆహారము, నీరు తెచ్చే సన్నవేళ్ళలో హెచ్చుభాగము పై రెండు మూడు అడుగులలోనే ఉండి, కొమ్మల నీడను దాటి పక్కలకు పాకుతవి. నీటిమట్టము పైన ఉండే మన డెల్టాలో అవి ఇంకా పైననే ఉంటవి. వేళ్ళకు నీరు వలెనే గాలి కూడ కావలెను. నీటిలో ప్రాణవాయువు వ్యాపించే వేగము గాలిలోకంటె సుమారు పదివేల రెట్లు తక్కువ. అందుచేత నీరు నిలిచిన నేలలో వేరు ఊపిరాడక చస్తుంది. వేరు చచ్చిన తరువాత చుట్టూ నీరున్నా చెట్టు దాహముతోనే వాడుతుంది. వాడిన చెట్టును చూచి ఇంకా నీరు పెట్టేవారు కలరు!

గట్లను, రోడ్లను ఎత్తు చేసినప్పుడు కూడ ఇదే జరుగుతుంది. 1986 ఆగస్టులో ధవళేశ్వరము వద్ద సుమారు 35 లక్షల క్యూసెక్కుల వరద వచ్చిన తరువాత గోదావరి గట్లను ఎత్తు చేయవలసి వచ్చినది. అది జనరక్షణకు తప్పనిసరి. కాని ఏ గట్టు మీదనైనా, ఏ రోడ్డు పక్కనైనా కాండము మొదలు చుట్టూ రెండు మూడు అడుగుల మట్టి పడినచో, కింది వేళ్ళకు గాలి తగ్గి బెరడు నానిపోతుంది. చెట్టు వెంటనే చావదు. అయిదారేండ్ల తరువాత తల ఎండినప్పుడు ఆ మట్టి సంగతి ఎవరికీ గుర్తుండదు. చెట్టు మొదలు నేలను కలిసేచోట సన్నికల్లు అడుగువలె వెడల్పుగా ఉండవలెను. స్తంభము పాతినట్లు నిటారుగా నేలలోకి దిగినచో మొదలు పూడిపోయినదని అనుమానించవలెను. వీధులలో కాండము వరకు సిమెంటు పరచుట పూడ్చుటకంటె ఏమాత్రము మెరుగు కాదు.

చెట్టు క్షీణత ఒక్క కారణముతో జరుగదని అమెరికా వృక్షవ్యాధి శాస్త్రజ్ఞుడు పాల్ మానియన్ 1981 లో తన గ్రంథములో చక్కగా విడమరచినాడు. మొదటివి చిరకాలము బలహీనపరచేవి: చెడ్డ నేల, వేళ్ళకు చోటు లేకపోవుట. రెండవవి ఒక్కసారి వచ్చి దెబ్బకొట్టేవి: వరద, తుపాను, వేళ్ళను నరికే తవ్వకము. మూడవవి చివరకు వచ్చి ముగించేవి: శిలీంధ్రములు, తొలుచు పురుగులు. మనకు కనబడేవి మూడవవి గనుక నేరమంతా వాటి మీద మోపుతాము.

కొబ్బరి, తాడి సంగతి వేరుగా చెప్పవలెను. ఇవి గడ్డి, వెదురు చుట్టములు. వీటి కాండములో విభాజ్య కణావళి లేదు. అందువలన గాయము పూడుకొనదు, పాతికేండ్ల నాటి గీత కూడ అట్లే ఉంటుంది. పైగా చెట్టంతటికి మొగ్గ ఒక్కటే, మొవ్వు. అది పోతే చెట్టు పోయినట్లే. అయితే వీటిలో ఒక సౌకర్యము కలదు. లెక్క పెట్టవచ్చును. బాగున్న కొబ్బరి నెలకు ఒకటి చొప్పున ఏడాదికి పన్నెండు మట్టలు వేస్తుంది. తలలో ముప్పది మొదలు ముప్పదైదు వరకు మట్టలు ఉంటవి. ఎరువు, నీరు సరిగా ఉండి కూడ మట్టల సంఖ్య పాతికకు దిగినచో, చెట్టు కొన్నాళ్ళ క్రిందటనే జబ్బుపడినదన్న మాట.

మొవ్వు కుళ్ళుకు గోదావరి డెల్టాతో లోకప్రసిద్ధమైన సంబంధము ఉన్నది. ఇరవయ్యవ శతాబ్ది తొలి సంవత్సరములలో ఇక్కడ తాడిచెట్లు గుంపులు గుంపులుగా చచ్చిపోయినవి. కొబ్బరికి, పోకకు కూడ ఆ తెగులు సోకినది. ఆనాటి భారత ప్రభుత్వ శిలీంధ్ర శాస్త్రజ్ఞుడు ఇ. జె. బట్లరు ఈ తెగులును పరిశీలించి, దానికి కారణమైన సూక్ష్మజీవికి 1907 లో ‘పిథియం పామివోరం’ అని పేరు పెట్టినాడు. తాళజాతిని తినేది అని దాని అర్థము. 1919 లో ఆయనయే దానిని ‘ఫైటోఫ్తొరా’ ప్రజాతిలోనికి మార్చినాడు. 1845 నుండి ఐర్లండులో బంగాళాదుంప పంటను నాశనము చేసి కరవు తెచ్చిన తెగులుకు ఇది దగ్గరి బంధువు. ఇవి అసలైన శిలీంధ్రములు కావనియు, కొన్ని రకముల నాచులకు దగ్గరివనియు తరువాత తేలినది. ఈనాడు ప్రపంచమంతట కోకో, రబ్బరు తోటలలో ఈ పేరు వినబడుతుంది. ఆ పేరు పుట్టినది మన తాటి మొవ్వులలో!

ఈ తెగులులో నడిమి మొవ్వాకు మొదట వన్నె తగ్గి వాడుతుంది. పట్టి లాగినచో సులభముగా ఊడి వస్తుంది. మొదలు మెత్తబడి దుర్వాసన కొడుతుంది. చుట్టూ ఉన్న పెద్ద మట్టలు మాత్రము ఇంకా నెలల తరబడి పచ్చగా ఉంటవి. కింద నిలుచున్నవానికి చెట్టు బాగున్నట్లే కనబడును. అప్పటికి ఆ చెట్టు చచ్చిపోయి ఉంటుంది. ఆ రోజులలో మందు లేనందున మద్రాసు ప్రభుత్వము మనుషులను పెట్టి, జబ్బు సోకిన చెట్ల తలలను కొట్టించి తగులబెట్టించినది. ఈ పని చాల ఏండ్లు సాగినది. కాయుచున్నట్లు కనబడే చెట్టు తల నరుకనిమ్మని రైతును ఒప్పించుట ఎంత కష్టమై ఉండునో ఊహించుకొనవచ్చును. ఇప్పుడైతే తొలిదశలోనే కుళ్ళిన భాగమును కోసివేసి, అక్కడ బోర్డో పేస్టు పూసి, చుట్టుపక్కల చెట్ల మొవ్వులు తడిసేటట్లు ఒక శాతము బోర్డో మిశ్రమమును చల్లుతారు. ఒక కిలో మైలుతుత్తము, ఒక కిలో సున్నము, నూరు లీటర్ల నీరు – ఇది దాని పాళము. ఈ తెగులు వానకాలములో, చల్లని తేమ రోజులలో విజృంభిస్తుంది గనుక తొలకరికి ముందే మొవ్వులను చూచుకొనుట మంచిది.

రెండవ శత్రువు కింద నుండి వస్తుంది. 1952 తుపాను తరువాత తంజావూరు ప్రాంతములో విపరీతముగా కనబడినందున దీనికి ‘తంజావూరు తెగులు’ అనే పేరు వచ్చినది. గానోడెర్మా అనే శిలీంధ్రము దీనికి మూలము. మన కోస్తా ఇసుకనేలల తోటలలో ఇది బాగా ఎరిగినదే. కాండము మొదట్లో పగుళ్ళ నుండి ఎర్రని గోధుమరంగు బంక కారి, ఏడాదికేడాదికి పైకి ఎక్కుతుంది. కింది మట్టలు పసుపురంగుకు తిరిగి వ్రేలాడుతవి. బంక కనబడే నాటికే వేళ్ళు చాలవరకు కుళ్ళి ఉంటవి. శిలీంధ్రము వేరు నుండి వేరుకు నేలలో పాకుతుంది గనుక, చెట్టు చుట్టూ కందకము తీసి పక్క చెట్లను వేరుచేయవలెను. ఆ తోటలో పల్లము మళ్ళు కట్టి చెట్టు నుండి చెట్టుకు నీరు పారించరాదు. ట్రైకోడెర్మా అనే మేలుచేసే శిలీంధ్రపు పొడి 50 గ్రాములు, వేపపిండి 5 కిలోలు కలిపి పాదులో వేయుట సిఫారసులో ఉన్నది. చచ్చిన చెట్టును మొద్దు వేళ్ళతో సహా పెకలించి తగులబెట్టవలెను. మొద్దు నేలలో మిగిలితే శిలీంధ్రమునకు అది ధాన్యపు గాదె వంటిది.

దీనికి విరుద్ధముగా, చూడగానే గుండె గుభేలుమనిపించి అంత హాని చేయని జబ్బులు కూడ కలవు. 2016 లో మన దేశములో మొదటిసారి కనబడి కొద్దికాలములోనే గోదావరి తోటలకు చేరిన సర్పిలాకార తెల్లదోమ అట్టిది. ఆకు అడుగున తెల్లని చుట్టలు, పైన దోమ విసర్జించిన తేనెబంక మీద నల్లని మసి బూజు. తోటంతా మసిబారినట్లు ఉంటుంది. దిగుబడి తగ్గవచ్చును గాని, ఒక్క దీనివలన చెట్టు చచ్చుట అరుదు. బెదరి ఘాటైన పురుగుమందులు కొట్టినచో దోమను చంపే ఎన్‌కార్సియా వంటి పరాన్నజీవులు ముందు చస్తవి. అంబాజీపేట పరిశోధన కేంద్రము వారు ఇట్టి మిత్రజీవులను పెంచి పంచుచున్నారు.

వేప కథ కూడ కొంత ఇటువంటిదే. 2020, 2021 సంవత్సరములలో తెలంగాణలోను, ఆంధ్రలోను వేపచెట్లు కొనకొమ్మల నుండి ఎండిపోగా జనము ఎంతో ఆందోళన చెందినారు. ఫోమాప్సిస్ అనే శిలీంధ్రము, చిగుళ్ళ రసము పీల్చే టీ దోమ దీనికి కారణములని శాస్త్రజ్ఞులు చెప్పినారు. ఆ శిలీంధ్రమును కర్ణాటకలో 1997 నాటికే గుర్తించినారు. ఎండిన కొమ్మలు చూచి నరికివేయబడిన వేపలలో ఎన్ని గోటి పరీక్షకు పచ్చగా తేలియుండేవో! వేచి చూచిన చోట్ల చాల చెట్లు వేసవిలో మరల చిగురించినవి.

ఇక చేయరాని పనులను గూర్చి రెండు మాటలు. తొర్రలో సిమెంటు పోయుట మంచిదని చాలకాలము నమ్మినారు. అమెరికాలో ఆలెక్స్ షిగో అనే శాస్త్రజ్ఞుడు వేలకొలది కాండములను కోసి చూచి, చెట్టు గాయమును మాన్చుకొనదని, చుట్టూ రసాయనపు గోడ కట్టి దానిని వేరుచేస్తుందని 1977 లో వివరించినాడు. తొర్రను శుభ్రము చేయుచున్నామని గీకినప్పుడు మనము పగులగొట్టేది ఆ గోడనే. సిమెంటు చెట్టుతో పాటు వంగదు, పైగా లోపల తేమను నిలుపుతుంది. కొమ్మను కోసినప్పుడు కాండమునకు ఆనించి చదునుగా కోయక, మొదట ఉండే ఉబ్బు వలయమును విడిచి దాని వెలుపల కోయవలెను. గోడ కట్టే కణములు ఆ వలయములోనే ఉంటవి. తలంతా మొండిగా నరుకుట చెట్టుకు అన్నము మాన్పించి మందు వేయుట వంటిది.

కుమారదేవము చెట్టుకు చికిత్స చేయగా మోడు నుండి కొత్త చిగుళ్ళు వచ్చినట్లు ఆ సంవత్సరమే పత్రికలు వ్రాసినవి. పైన చెప్పిన రెండు ప్రశ్నలలో మొదటిదానికి అది జవాబు. రెండవదానికి జవాబు ఇంకా రావలసి ఉన్నది. మోడు మీద పుట్టిన కొమ్మ పాత చేవలో పాతుకొని రాదు, పై పొరకు మాత్రము అంటి ఉంటుంది. దాని మొదట ఏటేటా కొత్త చెక్క పేరుకొంటేనే పట్టు వస్తుంది. కనుక ఆ చిగుళ్ళలో బలమైన వాటిని కొన్నింటిని ఉంచి, తక్కినవి తీసివేసి, ప్రతి ఏడు తొలకరికి ముందొకసారి, పెద్ద గాలుల తరువాత మరొకసారి వాటి మొదళ్ళను తడిమి చూడవలసి ఉంటుంది.